వేషం విప్పని పాటగాడు



2023 ఆగస్టు 6న హైదరాబాదులో ప్రజా గాయకుడు గద్దర్ కన్నుమూశారు. మర్నాడు ఎల్బీ స్టేడియం నుంచి ఆల్వాల్ దాకా అంతిమయాత్ర నడిచింది. ఆ జనసందోహంలోనే సియాసత్ పత్రిక మేనేజింగ్ ఎడిటర్ జహీరుద్దీన్ అలీఖాన్ గుండె ఆగి పడిపోయారు. స్నేహితుణ్ణి సాగనంపడానికి వచ్చి, తానూ వెళ్లిపోయిన మనిషి ఆయన. గద్దర్‌ను, ఆల్వాల్‌లో ఆయనే పెట్టిన మహాబోధి విద్యాలయం ఆవరణలో, ప్రభుత్వ లాంఛనాలతో ఖననం చేశారు. పోలీసులు గౌరవ వందనం చేశారు.

ఆ వందనం మీద అప్పట్లో పెద్ద వాదనే నడిచింది. నక్సలైట్ల పాటలు పాడిన మనిషికి పోలీసు లాంఛనాలేమిటని కొందరు అడిగారు. ప్రజల పాటగాడికి ప్రభుత్వ లాంఛనాలెందుకని ఇంకొందరు అడిగారు. రెండు ప్రశ్నలూ సబబైనవే. నేను మాత్రం ఈ ప్రసంగంలో ఆయన కళ గురించి ఎక్కువ మాట్లాడతాను. ఎందుకంటే గద్దర్ రాజకీయం గురించి చాలామంది మాట్లాడారు. వీధిలో నిలబడి ఆయన చేసిన పని ఎలాంటిదో, దాన్ని ఎలా చేశారో చెప్పినవాళ్లు తక్కువ.

మాది మదనపల్లె వైపు పెద్దతిప్పసముద్రం. పొలిమేర దాటితే కర్ణాటక. అటు చేలూరు, బాగేపల్లి వైపు కూడా తెలుగే మాట్లాడతారు. గద్దర్ మా వైపు మనిషి కాదు. మెదక్ జిల్లా తూప్రాన్‌లో పుట్టారు. ఆయన గొంగడి అన్నది మాకు కంబళి, ఆయన డప్పు అన్నది మాకు పలక. అయినా ఆయన పాట మదనపల్లె, పుంగనూరు సందుల్లో టీ అంగళ్ల టేపు రికార్డర్లలో మోగింది. ఇక్కడి కుర్రవాళ్లు ఆ యాసను అచ్చంగా పట్టుకుని పాడేవాళ్లు. రేడియోలో, సినిమాలో, పాఠ్యపుస్తకంలో వేరే తెలుగు వింటూ పెరిగినవాళ్లు తమది కాని ఒక యాసను గర్వంగా పలకడం నాకు అప్పట్లో ఆశ్చర్యం. ఆ పాటలో వాళ్లకు దొరికిన ధైర్యం ఏమిటో తెలుసుకోవాలంటే, మన జాతరల దగ్గర మొదలుపెట్టాలి.

మన ప్రాంతానికి వేషం కొత్త కాదు. ధర్మరాజుల గుళ్ల దగ్గర పద్దెనిమిది రోజుల భారతం జరుగుతుంది. పగలు హరికథ, రాత్రి వీధినాటకం. అర్జునుడు తపస్సు మాను ఎక్కుతాడు. చివరి రోజు మట్టితో చేసిన దుర్యోధనుడి పెద్ద బొమ్మ చుట్టూ భీముడు తిరిగి తొడ పగలగొడతాడు. ఇక తిరుపతి గంగమ్మ జాతర చూసినవాళ్లకు ఇంకో సంగతి తెలుసు. అక్కడ బైరాగి వేషం, బండ వేషం, తోటి వేషం, దొర వేషం వేస్తారు. వేషంలో ఉన్నవాడు ఎదురైన మనిషిని తిట్టవచ్చు. ఎంతటి మనిషినైనా తిట్టవచ్చు. తిట్టించుకున్నవాడు కోపం తెచ్చుకోకూడదు, అది అమ్మవారి మొక్కు. ఊరిని పీడించిన పాలెగాడిని గంగమ్మ వేషాలు మార్చి మార్చి వెతికి చంపిందన్నది దాని వెనక కథ. బలవంతుడిని ఎదుర్కోవడానికి వేషం కట్టవచ్చన్నది, వేషంలో ఉన్నప్పుడు నోరు విప్పవచ్చన్నది మన ఊళ్లు ఎప్పుడో ఒప్పుకున్న మాట.

అయితే ఆ అనుమతికి గడువుంది. జాతర అయిపోయిన మర్నాడు వేషం కడిగేసుకుని, నిన్న తిట్టిన దొర ఇంటికే కూలికి పోవాలి. నిన్నటి మాట ఈ రోజు అంటే వీపు పగులుతుంది. గద్దర్ చేసిన పనిని నేను ఇలా అర్థం చేసుకున్నాను. జాతర వేషానికి ఉన్న ఒక్క రోజు అనుమతిని ఆయన ఏడాది పొడవునా, నలభై ఏళ్లపాటు, ఎవరినీ అడగకుండా వాడుకున్నారు. ఆయన చెల్లించిన మూల్యమంతా ఆ గడువు దాటినందుకే.

ఆయన అసలు పేరు గుమ్మడి విఠల్‌రావు. దళిత కుటుంబం. తల్లి లచ్చుమమ్మ పనిలో పాడుకునే పాటలే తన మొదటి బడి అని ఆయన చాలాసార్లు చెప్పుకున్నారు. ఇంజనీరింగు చదువు కోసం ఉస్మానియా విశ్వవిద్యాలయం దాకా వెళ్లి, మధ్యలో వదిలేశారు. 1969 తెలంగాణ ఉద్యమంలో పాడారు. పొట్టకూటికి బుర్రకథ దళం కట్టి కుటుంబ నియంత్రణ లాంటి ప్రభుత్వ ప్రచారాలూ చేశారు. ఈ చివరి సంగతిని ఆయన అభిమానులు చాలామంది దాటేస్తారు. నాకైతే ఇదే ముఖ్యం. సర్కారు ప్రచారంలోనే ఆయనకు బుర్రకథ మీద చెయ్యి తిరిగింది.

బుర్రకథ సంగతి కాస్త చెప్పుకోవాలి. మధ్యలో కథకుడు, భుజాన తంబుర, వేళ్లకు అందెలు. అటూ ఇటూ గుమ్మెటలతో ఇద్దరు వంతలు. ఒక వంత నవ్విస్తాడు. ఇంకొక వంత రాజకీయం చెబుతాడు. కథ ఏ పల్నాటి యుద్ధమో, బొబ్బిలి యుద్ధమో కావచ్చు. కానీ వంత మధ్యలో అడ్డుపడి ఈ రోజు బియ్యం ధర గురించి అడుగుతాడు, కరణం లెక్కల గురించి అడుగుతాడు. పాత కథలోకి ఈనాటి ఊరు వచ్చి కూర్చునే చోటు అది. ఈ చోటు ఎంత బలమైందో 1940లలో కమ్యూనిస్టు ఉద్యమ కళాబృందం ప్రజానాట్యమండలి కనిపెట్టింది. గుంటూరు జిల్లా పొన్నెకల్లులో దూదేకుల ఇంట పుట్టిన షేక్ నాజర్ ఆ కళకు ప్రాణం పోశారు. బెంగాల్ కరువును బుర్రకథగా చెప్పి జనాన్ని ఏడిపించారు, ఆ జనం చేతనే విరాళాలు ఇప్పించారు. 1986లో ఆయనకు పద్మశ్రీ వచ్చింది. శ్రీకాకుళం నక్సలైటు ఉద్యమంలో సుబ్బారావు పాణిగ్రాహి జముకుల కథను పట్టుకున్నారు. 1969 డిసెంబరులో పోలీసుల చేతిలో ఆయన ప్రాణాలు పోయాయి. గద్దర్ శూన్యంలోంచి ఊడిపడలేదు. ఆయన ముందు ఈ ఇద్దరూ ఉన్నారు.

చిత్రకారుడు, తర్వాత సినిమా దర్శకుడు అయిన బి. నర్సింగరావు హైదరాబాదులో ఆర్ట్ లవర్స్ అసోసియేషన్ నడిపేవారు. భగత్‌సింగ్ జయంతి సభకు విఠల్‌రావును పాడమని పిలిచింది ఆయనే. సర్కారు సంగతులు కాక నీ చుట్టూ ఉన్న మనుషుల సంగతులు పాడమన్నది అక్కడ వచ్చిన మలుపు. రిక్షా తొక్కేవాడిని ఆపి పలకరించే పాటతో ఆ కొత్త దారి మొదలైంది. 1972లో ఆ బృందమే జననాట్యమండలి అయింది. పాటల పుస్తకానికి పెట్టుకున్న గద్దర్ అనే పేరు చివరికి మనిషికే పేరై నిలిచింది. 1913లో అమెరికాలో భారతీయ వలస కూలీలు, విద్యార్థులు బ్రిటిష్ పాలన మీద తిరుగుబాటుకు పెట్టుకున్న గదర్ పార్టీ గుర్తుగా ఆ పేరు.

1975లో ఆయన బ్యాంకు పరీక్ష రాసి కెనరా బ్యాంకులో క్లర్కుగా చేరారు. పగలు కౌంటరులో కూర్చుని, సాయంత్రాలు బస్తీల్లో గజ్జె కట్టేవారు. ఆ తొమ్మిదేళ్లలోనే ఆయన శైలి తయారైంది.

ఆ శైలి ఏమిటి? ముందు రూపం చూద్దాం. ఒంటి మీద చొక్కా లేదు. మోకాళ్లదాకా గోచీ కట్టిన పంచె, భుజాన గొంగడి, కాళ్లకు గజ్జెలు, చేతిలో కర్ర, దానికి ఎర్రగుడ్డ. గొర్రెలు కాసేవాడి దుప్పటి, పొలం పనిలో ఉన్నవాడి పంచె, తిరునాళ్లలో ఆడేవాడి గజ్జె. ఊరి బయట ఉండేవాళ్ల, ఊరు చిన్నచూపు చూసేవాళ్ల వస్తువులన్నీ ఒక్క ఒంటి మీదకు చేర్చారు. సభలో ఇస్త్రీ చొక్కాల మధ్య ఆ మనిషి నిలబడితే, నోరు తెరవకముందే సగం మాట చెప్పేసినట్టే. పెళ్లికీ చావుకీ పలక కొట్టడానికి పిలిచి, దూరంగా నిలబెట్టి, దూరం నుంచే అన్నం పెట్టిన ఊళ్లు మనవి. ఆ పలకను సభా వేదిక మధ్యకు తెచ్చి, దాని కోసం జనం లేచి నిలబడేలా చేయడం ఒక్కటే చాలు, ఆ మనిషిని గుర్తుంచుకోవడానికి.

తర్వాత పాట కట్టే పద్ధతి. బాణీ ఆయన సొంతం కాదు. కల్లాల దగ్గర, నాట్ల దగ్గర, బతుకమ్మల దగ్గర, బిచ్చగాళ్ల నోట ఉన్న బాణీలనే తీసుకున్నారు. కొత్త మాట కట్టి, మళ్లీ ఆ మనుషుల ముందే పాడి, వాళ్ల నోట పలకని మాటను తీసేసేవారు. అందుకే ఆయన పాటల్లో సిద్ధాంత పుస్తకాల మాటలు ఉన్న చోట అవి పంటి కింద రాళ్లలా తగులుతాయి. ఆయన అచ్చంగా తన తల్లి భాషలో కట్టిన చోట పాట వాగులా పోతుంది. రిక్షావాడి మీద, కల్లుగీసేవాడి మీద, ఆడకూతురి కష్టం మీద కట్టినవి ఆ రెండో రకం. నినాదాలు పేర్చిన పాటలు ఆ కాలంతోనే పోయాయి. మనిషి ఉన్న పాటలు ఇంకా ఉన్నాయి.

ఇంకొక సంగతి. గద్దర్ గొంతులో మనం విన్న పాటలన్నీ ఆయన రాసినవి కావు. 1980లో విడుదలైన మా భూమి సినిమాలో ఆయన తెర మీద పాడిన బండి పాట, నైజాం మీద పోరాటంలో ప్రాణం ఇచ్చిన యాదగిరిది. నర్సింగరావు తీసిన రంగుల కలలో వినిపించే రిక్షా కొడుకు పాట గూడ అంజయ్య రాసినది. విశాఖ షిప్‌యార్డులో ఫిట్టరుగా పనిచేసిన వంగపండు ప్రసాదరావు ఉత్తరాంధ్ర నుంచి తెచ్చిన పాటలు, భూమి భాగోతం వంటి వీధి రూపకాలు జననాట్యమండలి నడకనే మార్చాయి. గద్దర్ కీర్తిలో వీళ్ల పేర్లు మసకబారడం న్యాయం కాదు. వీధి కళలో ఒక్కడి పేరు పైకి తేలడం ఎప్పుడూ ఉంటుంది. వినేవాళ్లమైనా మిగతా పేర్లు పలకాలి.

గద్దర్ పాట సాగే తీరు తెలియాలంటే, దాని పక్కన పెట్టి చూడాల్సిన ఇంకొక పాట చరిత్ర మదనపల్లెలో ఉంది. 1919 ఫిబ్రవరిలో రవీంద్రనాథ్ ఠాగూర్ బీసెంట్ థియొసాఫికల్ కళాశాలకు వచ్చి కొన్నాళ్లున్నారు. జనగణమనను అక్కడ పాడి వినిపించారు. ఐర్లండ్ నుంచి వచ్చిన మార్గరెట్ కజిన్స్ ఆ బాణీకి స్వరలిపి రాసుకున్నారు, ఠాగూర్ అక్కడే ఇంగ్లీషులోకి మార్చారు. ఈ రోజు దేశమంతా ఒకే తీరుగా, ఒకే నిడివిలో నిలబడి పాడే పాటకు మదనపల్లెలో రూపం గట్టిపడింది. అందరూ ఒక్కలాగే పాడాలి కాబట్టి దానికి ఆ స్థిరత్వం కావాలి.

గద్దర్ పాట దానికి పూర్తిగా అవతలి ఒడ్డున ఉంటుంది. ఒకే పాట సిద్దిపేటలో ఒకలా, కర్నూలులో ఒకలా ఉండేది. రెండు చరణాలు పాడి ఆపేవారు. ఆపి మాట్లాడేవారు. ఊళ్లో ఆ వారం జరిగిన సంగతి ఎత్తుకునేవారు, ముందు వరసలో ఉన్న ముసలమ్మను పలకరించేవారు, పోలీసు జీపును చూపించి ఒక మాట విసిరేవారు. ఆ మాట చివర దరువు అందుకునేది, పాట మళ్లీ లేచేది. జనం వంత పాడేవారు. బుర్రకథలో ఇద్దరు వంతలుంటే, గద్దర్ సభలో మైదానం మొత్తం వంతే. నా లెక్కలో ఆయన ఈ కళకు చేర్చిన అసలైన కొత్తదనం ఇది. నాజర్ కథ చెబుతుంటే జనం విని కదిలిపోయారు. గద్దర్ ముందు జనానికి చేయాల్సిన పని ఉండేది. పల్లవి వాళ్లది. వాళ్లు అందుకోకపోతే పాట సాగదు.

1984లో ఆయన బ్యాంకు ఉద్యోగానికి రాజీనామా ఇచ్చారు. 1985 జులై 17న ప్రకాశం జిల్లా కారంచేడులో దళితుల మీద మారణకాండ జరిగింది. ఆ తర్వాతి నిరసనల్లో గద్దర్ ముందు వరసలో నిలిచారు. పోలీసులు ఇంటి మీద పడ్డారు. ఆయన అజ్ఞాతంలోకి వెళ్లిపోయారు. భార్య విమల పిల్లల్ని పెట్టుకుని ఇల్లు నడిపారు. వీధి కళాకారుడి జీవితం రాసేటప్పుడు ఇలాంటి ఒక్క వాక్యంతో దాటేసే మనుషులుంటారు. ఇంటి అద్దె, పిల్లల ఫీజులు, తలుపు తట్టే పోలీసులు, ఇవన్నీ భరించినవాళ్లు వేదిక మీద కనిపించరు.

1990 ఫిబ్రవరిలో ముఖ్యమంత్రి చెన్నారెడ్డి ప్రభుత్వం పట్టు సడలించినప్పుడు ఆయన బయటికి వచ్చారు. హైదరాబాదు నిజాం కాలేజీ మైదానంలో జననాట్యమండలి సభ జరిగింది. రెండు లక్షల మంది వచ్చారని అప్పటి లెక్క. సినిమా తార లేదు, మంత్రి లేడు, బిర్యానీ పొట్లం లేదు. ఒక పాటగాడు ఐదేళ్ల తర్వాత కనిపిస్తున్నాడని వచ్చారు. రెండేళ్లు గడిచేసరికి, 1992 మేలో, ఆయన ఎవరి తరఫున పాడారో ఆ నక్సలైటు పార్టీ పీపుల్స్‌వార్ మీద నిషేధం పడింది. పాటకు మళ్లీ దారులు మూసుకుపోయాయి.

1997 ఏప్రిల్ 6న ఆయన ఇంటికి ముసుగు మనుషులు వచ్చి కాల్చారు. ఆయన బతికారు. ఒక తూటాను తీయడం ప్రమాదమని డాక్టర్లు వెన్ను దగ్గర అలాగే వదిలేశారు. దీని వెనక పోలీసులే ఉన్నారని ఆయన ఆరోపించారు, పోలీసులు కాదన్నారు. ఆ తూటాతోనే ఆయన ఇంకో ఇరవై ఆరేళ్లు గజ్జె కట్టి ఆడారు. వెన్నులో లోహం పెట్టుకుని అంత ఎత్తు ఎగరడం ఎలా సాధ్యమో నాకు ఇప్పటికీ తెలియదు.

పాటకు, నాటకానికి ఇలా హింసతో బదులివ్వడం మన దగ్గరే కాదు. 1989 జనవరి 1న ఢిల్లీ పక్కన సాహిబాబాద్ ఝండాపూర్‌లో కార్మికుల ముందు హల్లా బోల్ వీధినాటకం ఆడుతున్న సఫ్దర్ హష్మీ మీద దాడి చేశారు. మర్నాడు ఆయన చనిపోయారు. జనవరి 4న ఆయన భార్య మొలొయశ్రీ అదే చోటికి బృందాన్ని తీసుకెళ్లి ఆగిపోయిన నాటకాన్ని పూర్తిచేశారు. చిలీలో 1973 సెప్టెంబరు సైనిక కుట్ర జరిగినప్పుడు గాయకుడు విక్టర్ హారాను స్టేడియంలో బంధించి, హింసించి చంపారు. ఇప్పుడు ఆ స్టేడియానికి ఆయన పేరే ఉంది. తుపాకీ చేతిలో ఉన్నవాడు గిటారుకు, గజ్జెకు ఎందుకంత భయపడతాడో ఈ పేర్లన్నీ కలిపి చూస్తే తెలుస్తుంది. పుస్తకాన్ని చదవాలంటే చదువు రావాలి. పత్రికకు డబ్బు కావాలి. వీధిలో పాట వినడానికి అక్కడ నిలబడితే చాలు.

ఇక కష్టమైన ప్రశ్న. గద్దర్ పాడింది తుపాకీని నమ్మిన పార్టీ తరఫున. ఆ పార్టీ చేతిలో చనిపోయినవాళ్లలో దొరలు, భూస్వాములు మాత్రమే లేరు. జీతం కోసం ఖాకీ తొడుక్కున్న పేదింటి కానిస్టేబుళ్లు ఉన్నారు, ఇన్‌ఫార్మర్లన్న అనుమానంతో చంపేసిన కూలివాళ్లు ఉన్నారు. ఎన్‌కౌంటర్ల పేరుతో పోలీసులు చంపిన పిల్లల కోసం గద్దర్ కన్నీళ్లు పెట్టించారు. అవి నిజమైన కన్నీళ్లు. రెండో వైపు చావులకు అంత చోటు ఆయన పాటలో దొరకలేదు. ఆయన్ని ప్రేమించే నాలాంటివాళ్లు ఈ మాట చెప్పకుండా దాటితే, ఆయన మనకు నేర్పిన నిలదీత ఆయన దగ్గరే ఆగిపోయినట్టు.

అయితే ఆ పాట రూపానికి తుపాకీ అవసరం లేదని అప్పటి మన చిత్తూరు జిల్లాలోనే చూశాం. 1990 ప్రాంతంలో ఇక్కడ అక్షర తపస్మాన్ పేరుతో సంపూర్ణ అక్షరాస్యత ఉద్యమం నడిచింది. కళాజాతలు ఊరూరా తిరిగాయి. అదే పలక, అదే గజ్జె, అదే వంత. పాటలో సంగతి పలకాబలపం, కూలి లెక్క, వేలిముద్ర మోసం. పక్క జిల్లా నెల్లూరులో దూబగుంట ఆడవాళ్లు అక్షరాస్యత తరగతిలో కూర్చుని, తమ ఊరి సారా సంగతే పాఠంగా మాట్లాడుకుని, సారా అంగడి మూయించారు. వాళ్లలో వర్ధినేని రోశమ్మ పేరు రాష్ట్రమంతా తెలిసింది. ఆ కదలిక 1993 అక్టోబరులో సారా నిషేధందాకా, 1995 జనవరిలో సంపూర్ణ మద్య నిషేధందాకా వెళ్లింది. ఆ కళాజాతల్లో పాడిన చాలామంది గద్దర్ పాట విని గొంతు విప్పినవాళ్లే. పార్టీ ఆయన్ని నడిపించిన చోటు కన్నా, ఆయన పాట తనంతట తాను నడిచి వెళ్లిన చోట్లు ఎక్కువ.

ప్రత్యేక రాష్ట్రం కోసం సాగిన తెలంగాణ మలి ఉద్యమంలో ఆయన పాట మరో తరానికి చేరింది. అప్పటికి ఆయన పాత దారి నుంచి పక్కకు జరుగుతూ వచ్చారు. 2002లోను, 2004లోను ప్రభుత్వానికీ నక్సలైట్లకూ మధ్య మాటలు కుదిర్చే పనిలో ఉన్నారు. గుళ్లకు వెళ్లారు. 2018లో జీవితంలో మొదటిసారి ఓటు వేశారు. 2023 జూన్‌లో గద్దర్ ప్రజా పార్టీ అని ప్రకటించారు. పాత సహచరులు దీన్ని దిగజారడమన్నారు. నేను అలా అనలేను. డెబ్బై ఏళ్ల దగ్గర ఉన్న మనిషి ఓటు పెట్టె దగ్గరికి నడిచి రావడంలో తప్పేమీ లేదు. నన్ను బాధించింది వేరే. ఆ చివరి ఏళ్లలో ఆయన ఏ వేదిక ఎక్కినా ఆ వేదిక పెట్టినవాళ్లు ఆయన గొంగడిని అలంకారంగా వాడుకున్నారు. ఎదురు నిలబడి అడగడానికి కట్టిన వేషం, పక్కన నిలబెట్టుకుని ఫొటో దిగడానికి పనికొచ్చింది.

ఇది ఆయన ఒక్కరి సంగతి కాదు. తెలంగాణ రాష్ట్రం వచ్చాక ప్రభుత్వం సాంస్కృతిక సారథి అనే సంస్థ పెట్టి 550 మంది ఉద్యమ కళాకారులను నెల జీతానికి తీసుకుంది. ఆకలితో పాడినవాళ్లకు జీతం రావడాన్ని నేను సంతోషంగానే చూస్తాను. పాటగాడు పస్తులుండాలని కోరుకునే హక్కు ఎవరికీ లేదు. కానీ జీతం ఇచ్చేవాడి పథకాలే పాట కావాల్సి వచ్చినప్పుడు వంత ఏం అడగాలి? గద్దర్ కుటుంబ నియంత్రణ బుర్రకథలు చెప్పిన చోటికే ఆయన వారసులు తిరిగి వచ్చారు. ఆయన అక్కడి నుంచి బయటికి నడిచారు. వీళ్లలో ఎవరు నడుస్తారో చూడాలి.

1995లో వచ్చిన ఒరేయ్ రిక్షా సినిమాలో అన్నాచెల్లెళ్ల పాటకు గద్దర్‌కు నంది అవార్డు ప్రకటిస్తే ఆయన వద్దన్నారు. ఇప్పుడు నంది అవార్డుల స్థానంలో తెలంగాణ ప్రభుత్వం ఇచ్చే సినిమా అవార్డులకు గద్దర్ పేరే పెట్టారు. 2024 జనవరి 31న ఆయన జయంతి రోజున ఆ ప్రకటన వచ్చింది, 2025 జూన్‌లో మొదటిసారి ఇచ్చారు. పేరు పెట్టినవాళ్ల గౌరవాన్ని నేను శంకించను. కానీ గద్దర్ గుర్తుగా ఏటా ఏదైనా ఇవ్వాలనుకుంటే సినిమావాళ్ల కన్నా ముందు పలక కొట్టేవాళ్లు, బుర్రకథ చెప్పేవాళ్లు, తోలుబొమ్మలాడించేవాళ్లు వరసలో ఉండాల్సింది. మన కుప్పం, పుంగనూరు, మదనపల్లె ఊళ్లలో ఆ కళలు చేతిలో ఉన్నవాళ్లు ఇప్పుడు బెంగళూరులో కాపలా ఉద్యోగాలకు, ఇళ్ల నిర్మాణంలో కూలికి వెళుతున్నారు. పండక్కి వచ్చినప్పుడే గజ్జె కడతారు.

శ్రోతల్లో కుర్రవాళ్లుంటే ఒక పని అడుగుతాను. మీ అందరి దగ్గరా ఫోన్లున్నాయి. గద్దర్ పాటలు వందల కొద్దీ దొరుకుతాయి, వినండి. కానీ వాటిలో చాలావరకు పాట ఒక్కటే మిగిలింది. చరణానికీ చరణానికీ మధ్య ఆయన ఆగి ఊరితో మాట్లాడిన మాటను క్యాసెట్టుకు చోటు చాలదనో, అనవసరమనో కత్తిరించేశారు. ఆ సగం పోయింది, ఇక దొరకదు. మీ ఊళ్లో భారతం ఆడేటప్పుడు, భజన బృందం కూర్చున్నప్పుడు, పలకలవాళ్లు వచ్చినప్పుడు రికార్డు చేయండి. పద్యం అయిపోగానే బటన్ నొక్కేయకండి. హాస్యగాడు మధ్యలో వచ్చి సర్పంచిని, సేద్యాన్ని, కరెంటోళ్లను ఏమంటున్నాడో అదంతా పట్టండి. ఎవరు పాడారో, ఏ ఊరో, ఎవరు పలక కొట్టారో, వంత ఎవరో పేర్లు చెప్పించి అదే రికార్డులో పెట్టండి. మీ ఊరి బడిలో ఒక కాపీ ఇవ్వండి.